గ్రామ సగటు నుండి నా పొట్టను మినహాయించుట గురించి

గుండ్లవంక గ్రామం,
14 జూన్ 1952

మహారాజశ్రీ తాలూకా తహశీల్దారు గారి సముఖమునకు, గుండ్లవంక కాపురస్తుడు, దర్జీ హుస్సేన్ బాషా వ్రాసుకొన్న అర్జీ.

అయ్యా,

విషయం: గత నెల 22వ తేదీన తమరు కరువు తనిఖీకి విచ్చేసి, నా దేహమును చూచి, మా గ్రామమునకు గంజి కేంద్రము అక్కరలేదని వ్రాసినారు. సదరు దేహము రోగమే గాని సుభిక్షము కాదని విన్నవించుకొనుట గురించి.

1. నేను ఇరవై ఏళ్ళుగా ఈ గ్రామంలో కుట్టుమిషను పెట్టుకొని జీవించుచున్నాను. వయస్సు నలభై ఆరు. నడుము యాభై రెండు అంగుళాలు. వయస్సు మా అమ్మ చెప్పగా విన్నదే గాని, నడుము నేనే స్వయంగా కొలిచినది గనుక అందులో సందేహం వలదు.

2. అధికారి తనిఖీకి వచ్చే రోజున బక్క ఎద్దును ముందు వరుసలో కట్టుట, పిల్లలకు చొక్కాలు విప్పి నిలబెట్టుట, ఊరందరిలోకి సన్నగా ఉండే తిమ్మక్కను ఖాళీ కడవతో బావి గట్టున కూర్చోబెట్టుట మా గ్రామ వాడుక. ఇందులో అబద్ధం లేదు. ఎద్దు బక్కదే, బావి ఎండినదే, తిమ్మక్క తిని రెండు రోజులైనది నిజమే. ఉన్న నిజాన్ని కాస్త ముందుకు జరుపుతాము, అంతే. ఈ ఏర్పాటుకు పెద్ద అడ్డు నేను. తనిఖీకి ముందురోజు ఊరి పెద్ద ఎర్రప్ప మా ఇంటికి వచ్చి ఇలా సెలవిచ్చినాడు:

"ఏమప్పా సాయిబూ, నిన్ను చూస్తే మా ఊర్లో కరువుండాదంటే ఎవడు నమ్ముతాడప్పా? రేపు దొర పోయేదాకా నా కొట్టంలో కూసో. దగ్గొద్దు, తుమ్మొద్దు."

ఆయన పశువులన్నీ విడపనకల్లు సంతలో అమ్ముడుపోయినందున కొట్టం ఖాళీగానే ఉన్నది. కూర్చున్నాను. దగ్గలేదు, తుమ్మలేదు. అయితే నాకున్న జబ్బుకు అరగంటకొకసారి మూత్రవిసర్జనకు లేవక తప్పదు. రెండుసార్లు ఎవరి కంటా పడలేదు. మూడోసారి పైజామా బొందు చేత పట్టుకొని గోడ మలుపు తిరిగేసరికి, ఎదురుగా కలం పట్టుకొని తమరు.

"ఎవరీయన?" అని తమరు అడిగినారు.

"పక్కూరాయన సామీ, చుట్టం చూపుకొచ్చినాడు" అని ఎర్రప్ప తడుముకోకుండా చెప్పినాడు.

నోరు మెదపవద్దని చెప్పి ఎదుటి బావి గట్టున కూర్చోబెట్టిన తిమ్మక్కకు అప్పుడే నా మీద ప్రేమ పుట్టుకొచ్చింది. "అయ్యో, మా ఊరి దర్జీ సాయిబే కదా సామీ! ఇరవై ఏండ్లుగా ఈడే ఉండాడు" అనేసింది.

తమరు నవ్వినారు. నవ్వి, వ్రాసినారు. ఏమి వ్రాసినారో తరువాత కరణం గారు చదివి వినిపించినారు: "ప్రజల దేహపుష్టి తృప్తికరముగా నున్నది." అయ్యా, ప్రజలు నాలుగు వందల పన్నెండు మంది. తమరు చూసిన పుష్టి నా ఒక్కడిది.

3. ఈ పుష్టి ఎక్కడిదని తమరు అడుగవచ్చును. కరువులో దర్జీకి పని ఉండదని లోకం అనుకొంటుంది. కొత్త బట్ట కుట్టించేవాడు లేని మాట వాస్తవమే. కాని ఉన్న బట్టలు అందరికీ వదులైపోయినవి. రాళ్ళు కొట్టే కరువు పనికి పోయే ఆడవాళ్ళకు సుత్తి ఎత్తినప్పుడల్లా రవికె భుజం మీద నుంచి జారిపోతాంటే, కుదించి ఇమ్మని తెచ్చినారు. దుడ్లు లేవు గనుక గుప్పెడు శెనక్కాయలో, బెల్లపు ముక్కో చేతిలో పెట్టినారు. ఊరు సన్నబడే కొద్దీ నాకు పని పెరిగింది. కూర్చున్న చోటనే కూర్చొని, కుట్టుకుంటూ, తింటూ వచ్చినాను. ఈ మాట వ్రాయడానికి సిగ్గుగా ఉన్నది. అయినా వ్రాసినాను.

4. వైద్య విషయం. తాలూకా ఆసుపత్రి డాక్టరు గారు నా మూత్రమును గాజు గొట్టంలో నీలం మందుతో కాచినారు. అది ఇటుక రంగుకు తిరిగింది. మధుమేహమన్నారు. చేతికి పట్టీ చుట్టి గాలి కొట్టి చూసి రక్తపు పోటు కూడా ఉన్నదన్నారు. ఇన్ని జబ్బులు నా ఒక్కడి అడ్రసే ఎలా పట్టుకున్నాయని అడిగితే, నా పొట్టను వేలితో పొడిచి, "ఇదే పిలిచింది. కొవ్వు పెరిగేకొద్దీ ఒంట్లో చక్కెర అదుపు తప్పుతుంది, గుండెకు బరువవుతుంది, కళ్ళు మసకబారతాయి, పుండ్లు మానవు" అన్నారు. మిషను తొక్కే కుడికాలి బొటనవేలికి నాలుగు నెలలుగా పుండు ఉన్నది. ఒళ్ళు తగ్గించి, తీపి మాని, రోజూ నాలుగు మైళ్ళు నడవకపోతే వేలు తీసేయాలన్నారు. ఆ తరువాత పాదం.

ఇంటికి వచ్చి నా భార్య రమీజాకు ఈ సంగతి చెప్పినాను. ఆమెకు డాక్టరు మీద నమ్మకం కుదరలేదు. "ఒంట్లో తీపంతా ఒంటేలుకు పోతాంటే, లోపలికి మళ్ళీ ఎయ్యాల్నా వద్దా? ఉన్నది కూడా తినొద్దంటాడే, వాడేం డాకటరు!" అని వాదించి, రోజుకు రెండు బెల్లపు ముక్కలు పెట్టేది నాలుగు చేసింది. ఆ తర్కం నాకు బాగుండినది. బెల్లం కూడా బాగుండినది.

5. గంజి కేంద్రం పోయిన నాటి నుంచి ఊరు నాతో మాట్లాడడం లేదు. ఇంతకు ముందు పిల్లలకు నా ఒళ్ళు పట్టాలని బాలింతలు బిడ్డలను తెచ్చి నా ఒళ్ళో పడుకోబెట్టేవారు. ఇప్పుడు అదే బాలింతలు నన్ను చూసి ఉమ్మేస్తున్నారు. ఉన్న ఒక్క ఊటబావి దగ్గర వంతు చూసే బయమ్మ నాకు ఒక్క బిందెకు మించి ఇవ్వడం లేదు. ఈ జబ్బుకు దాహం ఎక్కువ. రెండో బిందె అడిగితే, "మా గంజి తాగినోనివి, నీళ్ళు కూడానా?" అన్నది. ఆమె మనమడు ఆ గంజి మీదనే ఆశ పెట్టుకొని ఉన్నాడు. ఆమెను నేను తప్పు పట్టలేను.

5-అ. ఇది ఫిర్యాదు కాదు. ఆ రోజు తమరు గంట సేపట్లో మూడు చెంబుల నీళ్ళు త్రాగి, రెండుసార్లు బండి చాటుకు వెళ్ళినారు. తమరి కోటు మూడో బొత్తాము ఒక్క దారప్పోగు మీద వేలాడుతున్నది. నా కంటికి తమరి నడుము నలభై ఆరు. ఎండలో వచ్చినవారికి దాహం సహజమే, కాని ఆ చెంబు కోసం పట్టిన తొందర నాకు తెలిసిన తొందర లాగానే ఉన్నది. ఆసుపత్రి తమరి కచేరీకి నాలుగడుగుల దూరమే. నీలం మందు నొప్పి పెట్టదు.

6. దాఖలా. ఇందుతో నా కొలతల పుస్తకం జతపరచినాను. అందులో ఊరందరి కొలతలు నాలుగేళ్ళవి, తేదీలతో సహా ఉన్నవి. కుళ్ళాయప్ప చాతీ ముప్పై ఆరు ఉండినది ముప్పై. తిమ్మక్క చేతి చుట్టు పది నుంచి ఏడు. పిల్లలు పెరగవలసినవారు గదా, ఎర్రప్ప మనమరాలి గౌను రెండేళ్ళుగా అదే కొలత. కరణం లెక్క మీద తమరికి అనుమానం రావచ్చును. దర్జీ కొలత తప్పు రాస్తే బట్ట పట్టదు.

కావున తమరు దయయుంచి గుండ్లవంక గ్రామ దేహస్థితి సగటు నుండి నా ఒక్కడిని మినహాయించి, మిగిలిన నాలుగు వందల పదకొండు మందిని చూచి, గంజి కేంద్రమును వెంటనే తెరిపించ ప్రార్థన. గంజి జాబితాలో నా పేరు వేయనక్కరలేదు. వేసినా బయమ్మ కొట్టేస్తుంది.

నా మనవిని, నన్ను చూడకుండా, చిత్తగించవలెను.

తమ విధేయుడు,
కనబడరాని చోట తమరికి కనబడినవాడు,
హుస్సేన్ బాషా, దర్జీ

మనవి: ఈ అర్జీ తపాలాలో వేయలేదు. డాక్టరు గారు చెప్పిన నడకకు పనికివస్తుందని, వేలికి గుడ్డ చుట్టుకొని పదకొండు మైళ్ళు నడిచి తెచ్చినాను. జవాను వచ్చి దీన్ని లోపలికి తీసుకుపోయేదాకా, తమరికి కనబడకుండా కచేరీ వెనక గోడకు ఆనుకొని కూర్చున్నాను.

కూర్చొని ఊరకుండక కొలతల పుస్తకం తిరగేసినాను. అందులో మా ఇంటి పుట ఒకటి ఉన్నది. దాన్ని లెక్కలోకి తీసుకోవాలని తోచనే లేదు. రమీజా రవికె: ముందటేడాది ముప్పై నాలుగు, నిరుడు ముప్పై ఒకటి, ఈ రంజానుకు ఇరవై ఎనిమిది. రెండుసార్లూ కుదించింది నేనే. రెండుసార్లూ "దారం గట్టిగా ఎయ్యి, మళ్ళీ మళ్ళీ ఇప్పే పని పెట్టొద్దు" అన్నది. నాకు పెట్టిన నాలుగు బెల్లపు ముక్కలలో రెండు ఎవరివో నేను అడగలేదు. "నాకాకలి లేదులే, నువ్వు తిను" అంటే నిజమే అనుకొని తిన్నాను. తమరు ఒక్క పొట్టను చూసి ఊరంతా నిండుగా ఉన్నదని వ్రాసినారు. నేను అదే పొట్టను చూసుకొని నా ఇల్లు నిండుగా ఉన్నదనుకొన్నాను.

గంజి కేంద్రం తెరిచిన నాడు మొదటి పేరు ఆమెది వ్రాయండి. ఆకలి లేదంటుంది. నమ్మవద్దు. పుస్తకంలో పందొమ్మిదో పుట చూడండి.