జమీందారు పాటకు జవాబు

సింహాచలం,

నువ్వు పోయి నేటికి ఏడాది. ఈ ఉత్తరం ప్రేమతో రాస్తున్నది కాదు.

మధ్యాహ్నం టీవీలో పాటలతో నడిచే విదేశీ హాస్యనాటకం వేశారు. ఒక ప్రభువు పెళ్లాం కళ్లుగప్పి పనిమనిషి వెంటపడతాడు. ఆ కథ నేను ఎప్పుడో చదివినదే. మా ఆవిడ మాత్రం పకపకా నవ్వింది. "ఏటయ్యా, అచ్చం మన సింహాచలమే!"

సేక్కాన్ ఓడరేవులో పనిచేసే రోజుల్లో మనం వేసిన నాటకంలో నువ్వు జమీందారువి, చీర కట్టుకున్న పనిమనిషిని నేను. నన్ను బతిమాలుతూ పాడేవాడివి గానీ, నీ చూపు నా భుజం మీదుగా ఆడవాళ్లు కూర్చున్న చాపల వైపు పోయేది. అక్కడినుంచి "వన్స్ మోర్" అని ముందుగా అరిచేది, అప్పటికే నా పెళ్లాం అయిన ఈవిడే. నువ్వు మళ్లీ మొదలుపెట్టేవాడివి, నేను మళ్లీ తలవంచుకుని సిగ్గుపడేవాణ్ని. పైస్థాయిలో నీ గొంతు జారుతుందని నేను చెబితే ఎవరు విన్నారు?

ఇవాళ ప్రభువు పాట మధ్యలో కరెంటు పోయింది. హాయిగా అనిపించింది. అంతలో ఆవిడ నీ పాట అందుకుంది, ఒక్క మాటా తప్పకుండా. పాట అయ్యాక నావైపు తిరిగింది.

"పనిమనిషి జవాబు నీది గదా, పాడు మరి."

పాడాను. చివరిదాకా పాడాను.

ఆవిడ వన్స్ మోర్ అనలేదు.