నలభై అక్షరాల జాగా

జనవరి 29

కోర్టు నుంచి కాగితం వచ్చింది. ఇకమీదట పాప ఖర్చుల డబ్బు చేతికి ఇవ్వకూడదట. అంతా ఎలక్ట్రానిక్. పోయిన నెల వాళ్ళ గుమ్మం దగ్గర నేనూ పాప వాళ్ళమ్మా అరుచుకుంటే పక్కింటాయన లుంగీ సర్దుకుంటూ బయటికొచ్చి చూశాడు. దాని ఫలితం ఇది. తప్పు నాదే ఎక్కువ.

దారులన్నీ వరసగా రాశారు. పోర్టల్లో కట్టొచ్చు. ఆటో పే పెట్టుకోవచ్చు. కార్డుతో అయితే ఫీజు, బ్యాంకు ఖాతా నుంచి అయితే ఉచితం. ఫోన్ చేసి కట్టొచ్చు, షాపులో మెషీన్ దగ్గర కట్టొచ్చు, జీతంలోంచే కోయించుకోవచ్చు. ఇన్ని దారులు. తలుపు తట్టే దారి ఒక్కటే లేదు.

ఒకటో తారీకున కవరు పట్టుకెళ్తే పాప వాళ్ళమ్మ నన్ను చెప్పుల స్టాండు మీద పది నిమిషాలు కూర్చోనిచ్చేది. ఆ పది నిమిషాల్లో నా కూతురు, మా తొమ్మిదేళ్ళ గడుగ్గాయి, ఊడిన పన్ను, కొత్త పెన్సిలు, మోకాలి మీద దెబ్బ అన్నీ చూపించేసేది. ఆ పది నిమిషాలూ పోయాయి. రెండు వారాలకో శనివారం మధ్యాహ్నం మిగిలింది.

ఫిబ్రవరి 1, ఉదయం 7

పోర్టల్. మూడు పేజీలు, పదకొండు అంకెల కేస్ నంబర్. పాస్‌వర్డ్ రెండుసార్లు తప్పు కొట్టాను. చివరికి పచ్చ టిక్కు వచ్చింది. రసీదులో పాప పేరు ఎక్కడా లేదు. ఏదైనా రాద్దామంటే జాగా కూడా లేదు. కరెంటు బిల్లు కట్టినట్టుంది.

ఫిబ్రవరి 8

శనివారం. పార్కు, ఐస్‌క్రీం, ఉయ్యాల. వాళ్ళమ్మ పాత ఫోను ఇప్పుడు గడుగ్గాయిదేనట. సిమ్ లేదు, వైఫైతో గేమ్స్ ఆడుకుంటుంది. డబ్బులు పంపే యాప్ మాత్రం అందులో ఇంకా అలాగే ఉంది. అమ్మకి ఎవరు డబ్బు పంపినా నా దాంట్లోనే ముందు టింగుమంటుంది నాన్నా అని గొప్పగా చెప్పింది. పిన్ కూడా తెలుసట. తన పుట్టినరోజేనట. ఇలాంటివి ఎవరికీ చెప్పకూడదమ్మా అన్నాను. తండ్రిగా చెప్పాల్సింది చెప్పాను. ఇంటికి వచ్చేదాకా మనసు మాత్రం ఆ టింగు మీదే ఉంది.

మార్చి 1

నెల డబ్బుని ముప్పై ఒక్క ముక్కలు చేశాను. రోజుకో ముక్క, యాప్‌లోంచి నేరుగా వాళ్ళమ్మ ఖాతాకి. డబ్బుతోపాటు నోట్ రాసుకోవడానికి నలభై అక్షరాల జాగా ఇస్తాడు యాప్ వాడు. వాడు చల్లగా ఉండాలి.

ఇవాళ రాసింది: లిఫ్టులో ఏనుగు ఇరుక్కుంది. మిగతాది రేపు.

నేను లిఫ్ట్ మెకానిక్‌ని. నాకు తెలిసిన కథలన్నీ లిఫ్టులోనే జరుగుతాయి.

మార్చి 2

తొండంతో అన్ని బటన్లూ నొక్కేసింది.

మార్చి 3, సాయంత్రం

వాళ్ళమ్మ ఖాతా నుంచి నాకు డబ్బు వచ్చింది. ఎంతా? ఒక్క రూపాయి. అంతకంటే తక్కువ పంపడం కుదరదు కాబట్టి ఒకటి. కింద నోట్: ఏ రంగు ఏనుగు? అమ్మకి చెప్పకు.

లిఫ్టు షాఫ్టు అడుగున గుంటలో కూర్చుని, గ్రీజు చేతులతో ఫోన్ పట్టుకుని ఏడ్చాను. కేబుల్ చూశావా అని పైనుంచి సూపర్‌వైజర్ కేకేశాడు. చూస్తున్నా అన్నాను.

ఏప్రిల్ 17

ఏనుగు నాలుగో అంతస్తులో దిగనంటోంది. అక్కడ లెక్కల టీచర్ ఉంటుందేమో అని గడుగ్గాయి అనుమానం.

మే 10

నిన్న పద్నాలుగు అంతస్తుల బిల్డింగులో పని. ఫోన్ చచ్చిపోయింది. ఏమీ పంపలేదు. ఇవాళ పొద్దున్నే ఒకటి వచ్చింది. నిన్న రాలేదేం? అని. ఇంకో గంటకి ఇంకొకటి. ఏనుగు బాగానే ఉందా?

బాగానే ఉందని వెంటనే పంపాను. నా కోసం ఇంతగా ఎదురుచూసే ప్రాణి ఒకటి ఉందని లోపల్లోపల పొంగిపోయాను. నిజం రాసుకోవాలి కదా, పొంగిపోయాను.

జూన్ 3

రెండు కాగితాలు ఒకేసారి వచ్చాయి.

ఒకటి డబ్బు లెక్కలు చూసే ఆఫీసు నుంచి. మార్చి, ఏప్రిల్, మే నెలల్లో నేను అసలు కట్టనే లేదట. బకాయి అట.

రెండోది వాళ్ళ లాయరు నుంచి. పాప వాళ్ళమ్మ ల్యాబ్ టెక్నీషియన్. వేరే నగరంలో పెద్ద ఆసుపత్రిలో పెద్ద ఉద్యోగం వచ్చింది. పాపని తీసుకుని వెళ్ళడానికి కోర్టు అనుమతి కావాలట. రైల్లో తొమ్మిది గంటల దూరం. సెలవుల్లో ఏడాదికి రెండుసార్లు నా దగ్గరికి పంపిస్తుందట.

మా లాయరమ్మకి ఫోన్ చేశాను. జడ్జి మొట్టమొదట అడిగేది తండ్రి డబ్బు కడుతున్నాడా లేదా అని, కడుతుంటే మీ మాటకి విలువ ఉంటుంది, లేకపోతే మీరు నోరు తెరవడం కూడా దండగ అంది.

జూన్ 4

సెలవు పెట్టి ఆ ఆఫీసుకి వెళ్ళాను. ఇదిగో చూడండి, రోజూ పంపాను, ఒక్కరోజు తప్ప, అని ఫోన్ ముందుపెట్టాను. కౌంటర్ ఆవిడ మంచిదే. నా చేతిలోంచి జనవరి కాగితం తీసుకుని వెనక్కి తిప్పింది. చీమ తలకాయంత అక్షరాలు. ఈ దారుల్లో కాకుండా ఇంకెలా పంపినా దాన్ని బహుమతిగానే చూస్తారట. కట్టినట్టు కాదట.

నేను కాగితం వెనక్కి తిప్పనే లేదు.

తల్లి వచ్చి అంతా అందిందని సంతకం పెడితే సరిచేస్తారట. కానీ ఇంకో చిక్కుంది అంది ఆవిడ. ఆ ఖాతా నుంచి మీకు కూడా డబ్బు వచ్చింది, ముప్పై నాలుగుసార్లు, ఇదంతా ఇద్దరు మనుషులు సొంతంగా ఇచ్చిపుచ్చుకున్నట్టుంది, ఆవిడ మీకెందుకు పంపింది అని అడిగింది.

తెలియదని చెప్పి వచ్చేశాను.

జూన్ 5

అక్క ఫోన్లో కడిగేసింది. పిల్ల పంపిందని చెప్పేస్తే అయిపోయేదానికి ఎందుకురా ఈ మొండితనం, కూతురు ఊరొదిలి వెళ్ళిపోతుంటే కథలు దాచుకుంటావా అంది. అది నన్ను అడిగింది ఒక్కటే అక్కా, అమ్మకి చెప్పకు అని, అన్నాను. అన్నం తిన్నావా అని అడిగింది అక్క.

చెప్పను.

జూన్ 14

శనివారం. గడుగ్గాయికి ఊరు మారే సంగతి తెలుసు. కొత్త స్కూల్లో ఈత కొలను ఉంటుందని మొదలుపెట్టి, నా ముఖం చూసి ఆపేసింది. ఎంత లోతుంటుందట అని నేనే అడిగాను.

జూన్ 19

రాయాలి. ఇవాళ కోర్టులో జరిగిందంతా రాయాలి.

ఆఫీసు వాళ్ళు పంపిన లెక్క చూసి జడ్జిగారు ముందుగా పాప వాళ్ళమ్మనే అడిగారు, ఈయనకి ముప్పై నాలుగుసార్లు డబ్బెందుకు పంపావమ్మా అని. తను బిత్తరపోయింది. నేనెప్పుడూ పంపలేదండీ అంది. నా వైపు చూసింది. నేను ఫ్యాను వైపు చూశాను. స్టేట్‌మెంట్ ప్రింటు తీసి ఇవ్వమన్నారు జడ్జిగారు. క్లర్కు తీసుకొస్తూ, దీంట్లో నోట్లు కూడా ఉన్నాయండీ అని, ఎవరూ అడక్కుండానే ఒకటి పైకి చదివేశాడు. ఏనుగుకి ఆకలి. అరటిపండు ఆరో అంతస్తులో ఉంది.

హాలంతా నవ్వింది. జడ్జిగారు కూడా. నవ్వనిది మేమిద్దరమే.

తను ఆ కాగితాలు తీసుకుని నిలబడే చదివింది. ఏడు పేజీలు. జడ్జిగారు తొందరపెట్టలేదు. తర్వాత పెన్ను అడిగి, మూడు నెలల డబ్బూ పూర్తిగా అందిందని రాసి సంతకం పెట్టింది. అలా రాస్తే నీ కేసే బలహీనపడుతుందని వాళ్ళ లాయరు చెవిలో చెబుతున్నాడు, నాక్కూడా వినిపించింది. అందింది కదండీ అంది తను. అంతే.

వాయిదా పడ్డాక కారిడార్లో నన్ను ఆపింది. పన్నెండేళ్ళు నన్ను నువ్వు అని పిలిచిన మనిషి ఇవాళ మీరు అంది. అది అన్నిటికంటే ఎక్కువ తగిలింది.

ఇంటద్దె ఒకటో తారీకున కట్టాలి, మీ డబ్బు చినుకుల్లా రాలితే అద్దె ఎలా కట్టాననుకున్నారు, మూడు నెలలూ తమ్ముడి దగ్గర చెయ్యి చాపాను అంది. ముష్టి వేసినట్టు రోజూ ఇంతింత పంపి నన్ను కెలుకుతున్నారనుకున్నాను, అందుకే మీ అలర్టులు రాకుండా ఆపేశాను, ఫిర్యాదు చెయ్యమని తమ్ముడు పోరినా చెయ్యలేదు అంది. పిల్ల సాయంత్రమైతే ఆ ఫోన్ పట్టుకుని కిటికీ దగ్గర కూర్చునేది, అన్నానికి పిలిస్తే రాదు, హోంవర్కు చెయ్యదు, మే నెలలో ఒకరోజు ఏడ్చి ఏడ్చి ఒళ్ళు వేడెక్కింది, ఎందుకో చెప్పదు, నేను డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాను అంది. నాకు తెలియలేదు, మీకు తెలుసు, చెప్పాలనిపించలేదా అంది.

అనిపించలేదు. ఆ రోజే నేను పొంగిపోయాను. పైన రాసి ఉంది.

క్షమించమన్నాను. తను తల ఊపింది. క్షమించానని కాదు, వినిపించిందని.

జూన్ 20

లాయరమ్మ ఫోన్. గొంతులో ఒకటే ఉత్సాహం. బకాయి ఎగిరిపోయింది, పైగా ఆ ఏనుగు జడ్జిగారికి నచ్చింది, ఇప్పుడు గట్టిగా అభ్యంతరం పెడితే ఊరు మారడం ఆగిపోతుంది అంది. సోమవారంలోపు చెప్పమంది.

జూన్ 21

ఆపితే ఆ ఉద్యోగం పోతుంది.

ఆపకపోతే పాప పోతుంది.

జూన్ 22

ఏమీ రాయలేను.

జూన్ 23

అభ్యంతరం లేదని చెప్పేశాను. లాయరమ్మ రెండుసార్లు అడిగింది, ఆలోచించుకునే చెబుతున్నారా అని. తన కేసు చెడుతుందని తెలిసీ నిజం రాసిన మనిషి మీద, ఆ సంతకాన్నే పట్టుకుని ఎలా గెలవమంటారు అన్నాను. ఇది కోర్టండీ అంది. నిజమే. నేను లిఫ్టులు బాగుచేసేవాణ్ణి, నాకు తెలియదు.

ఇంకో సంగతి కూడా అడిగించాను. డబ్బు ఇక నా చేతుల మీదుగా వద్దు, కంపెనీ వాళ్ళే జీతంలో కోసి, ఒకటో తారీకుకి మొత్తం ఒకేసారి పంపేలా రాయించమన్నాను. అద్దె ఆగకూడదు.

ఫోన్ పెట్టేశాక బాత్రూంలో కుళాయి తిప్పి ఏడ్చాను. పక్క వాటావాళ్ళకి వినిపించకుండా.

జులై 12

ఆఖరి శనివారం. ఎల్లుండి వాళ్ళ ప్రయాణం.

పాత ఫోన్లోంచి యాప్ తీసేసిందట వాళ్ళమ్మ. తిట్టలేదట. వీడియో కాల్ పెట్టిస్తానందట, ఆదివారం ఆదివారం. గడుగ్గాయి ఉయ్యాల ఎక్కలేదు. నేను పెద్దదాన్నయిపోయాను నాన్నా అంది. బెంచీ మీద నా పక్కనే కూర్చుని నా చేతి గోళ్ళలో గ్రీజు అగ్గిపుల్లతో తీసింది, పది వేళ్ళకీ.

ఏనుగు ఏమైందో ఇప్పుడు చెప్పేస్తానన్నాను. జూన్ పందొమ్మిది నుంచి అది ఆరో అంతస్తులోనే ఉంది. గడుగ్గాయి నా నోటికి చెయ్యి అడ్డం పెట్టింది. చెప్పొద్దు, చెబితే అయిపోతుంది అంది.

సరే అన్నాను. ఆ చేతిని అలాగే ఉంచుకున్నాను, అది తీసుకునేదాకా.

వాళ్ళమ్మ ఐదింటికి వచ్చింది. మీరు వేళకి తినండి అంది నాతో. తల ఊపాను.

జులై 20

ఆదివారం. కాల్ వచ్చింది. నాలుగు నిమిషాలు. కొలను అంత లోతేం లేదట.

ఆగస్టు 1, లంచ్ టైం

అకౌంట్స్ అతని దగ్గరికి వెళ్ళాను. పాప డబ్బు ఇవాళ వెళ్ళాలి, ఈ ఒక్కసారికి ఆ బటన్ నన్ను నొక్కనివ్వమని అడిగాను. నొక్కడానికి ఏమీ ఉండదండీ, దానంతట అదే పోతుంది, పొద్దున ఆరింటికే పోయింది అన్నాడు. ఆరింటికి నేను నిద్రలో ఉన్నాను.

చూపించమన్నాను. స్క్రీన్ మీద నా వరసలో చాలా అంకెలున్నాయి. పాపది ఏది అని అడిగాను. వేలు పెట్టి చూపించాడు.

నేనూ అక్కడే వేలు పెట్టాను.