సావిన్ నాటి పళ్లెం

నాయినమ్మా,

విన్నిపెగ్‌లో మా ఇంటి ఓనరు ఐలీన్ ఆంటీ మొన్న నన్ను ఆపి, "రేపు సావిన్" అంది. మనం చావును సావు అంటాం కదా, రేపు ఎవరో పోతారంటుందనుకున్నాను. చర్చి రాకముందు ఐర్లాండ్‌లో కెల్ట్ జాతివాళ్లు చేసుకున్న పండగట. ఆ సాయంత్రం పోయినవాళ్లు ఇంటికొస్తారట. వాళ్లమ్మకే తెలియని ఈ ఆచారాన్ని ఆమె రిటైరయ్యాక ఏదో గ్రూపులో చేరి నేర్చుకుంది. గ్రూపులో నేర్చుకున్న భక్తంటే నాకు అనుమానమే.

పైగా, "మీవాళ్లలో పోయినవాళ్ల పేరు చెప్పు, పళ్లెం పెడతాను" అంది. పేరు తెలిస్తే బాణామతి చేస్తారని నువ్వే కదా చెప్పావు! లక్ష్మి అని అబద్ధమాడాను.

"గదేం పిచ్చే? ఆమెకు మన పేర్లు పలకుడే రాదు, బాణామతేం చేస్తది?" అని నవ్వింది నా రూమ్మేట్ కావ్య.

నిన్న ముగ్గురం మాట్లాడకుండా తిన్నాం. అదే పద్ధతట. నేను మాత్రం ఐలీన్ ఆంటీ చేతుల మీంచి చూపు తిప్పలేదు. ఖాళీ కుర్చీ ముందు ఆలుగడ్డలు, రొట్టె పెట్టిన పళ్లెం, పక్కన లక్ష్మి అని రాసిన చీటీ. పోయిన పెద్దలకు పెట్టే పెత్రమాస నాడు నాకు స్టోర్‌లో షిఫ్టు పడింది. ఈ ఏడు నీకు పెట్టిన పళ్లెం ఇదొక్కటే, అదీ ఇంకొకరి పేరున.

ఆమె నీళ్లకు లేవగానే చీటీ తిప్పి బాలవ్వ అని రాశాను. తెలుగులోనే రాశాను, ఆమె చదవకూడదని. రాశాక గుర్తొచ్చింది, నీకూ చదువు రాదు. అందుకే పళ్లెం అంచున కాస్త మామిడికాయ తొక్కు వేశాను.