ఆవకాయ ఊట

అక్కా,

రేపు నీ సంవత్సరీకం. నీకొచ్చిన పేగు జబ్బే ఇప్పుడు నాకూ వచ్చింది. పీచున్నవి తినొద్దని డాక్టరన్నారు. మా ఆయన, నీ మరిది, వర్క్‌షాప్ నుంచొచ్చి, "జావలో ఉప్పు తప్ప ఇంకేటీ వద్దు" అన్నారు. నీకూ ఆఖరిదాకా అదే పోసినాను. ఆవకాయ అడిగితే కసిరినాను.

ఈసారి ఊరుకోలేదు. తాల్‌బగీచాలో మా ఇంటి నుంచి ఆసుపత్రిదాకా నడిచెళ్లినాను. "డాక్టర్‌బాబూ, నాకు వద్దన్నది పీచా, రుచా?" అని అడిగినాను.

ఆయన నవ్వి, "పీచూ గింజలే, దీదీ. ఊట వడగట్టి కొంచెం వేసుకోండి" అన్నారు.

వడగట్టి, మెత్తటి అన్నంలో కలిపి, నీ మరిది ఎదురుగానే తిన్నాను. నీకోసం ఈ మాట అడగాలని నాకప్పుడు తోచలేదు, అక్కా.

రేపు నీ విస్తట్లో జావ ఉండదు. ముక్కలతో, పిండితో ఆవకాయే వడ్డిస్తాను. ఎవరేటనుకున్నా సరే.