రెండో పైలట్ కుర్చీ

అమ్మలూ మార్నీ,

కార్వర్ బెండ్‌లో మేమందరం తింటున్నాం, తిరుగుతున్నాం. మీ అమ్మ మోకాలు మాత్రం వానొచ్చే ముందు ఎప్పటిలాగే గోల పెడుతోంది. ఆ టెక్సాస్ ఎండలో నువ్వూ బాగున్నావనే అనుకుంటున్నాం. ఇదంతా ఫోన్లో చెప్పొచ్చుగా అంటావు. ఫోన్లో అయితే సగంలోనే నా నోరు మూయిస్తావు. కాగితం నోరు మూయించడం నీ వల్ల కాదు.

నువ్వడిగిన వాటికి జవాబులు రాస్తున్నాను. గ్యారేజీ పైకప్పు మీద రాత నాదే. "కిందికి చూడొద్దు, స్నానం చేస్తున్నా" అని ఒక్కో అక్షరం మంచమంత రాశాను. పైనుంచి హెలికాప్టర్లో పోయే మీ పోలీసువాళ్లకి తప్ప ఎవరికీ కనబడదు. మీ హాల్వర్సన్ సార్జంట్ స్వయంగా వచ్చాడు.

"ఏమయ్యా ఆర్లో, దొంగను తరుముతుంటే మా పైలట్ నవ్వాపుకోలేకపోయాడు. చెరిపెయ్."

"రంగు డబ్బా కొనిపెట్టు, చెరిపేస్తా."

"మాకు ఇంధనానికే దిక్కులేదు, నీకు రంగు డబ్బా ఒకటా!" అన్నాడు. అన్నాక నవ్వలేదు. అప్పుడే అనుకున్నాను, మీ యూనిట్ పద్దులో ఎక్కడో ముడి పడిందని.

ఆ పద్దు సంగతి ఎవరూ చెప్పడం లేదని రాశావు కదా. నేను చెబుతాను. పాడైన కార్లు లాక్కెళ్లే నా టోయింగ్ బండి వెనక "నాకు ఓటెయ్యండి, లేదంటే మీ కారెక్కడుందో చెప్పను" అని బోర్డు కట్టి ఊరి కౌన్సిల్ ఎన్నికల్లో సరదాకి నిలబడితే, ఈ జనం నిజంగానే నన్ను గెలిపించి చచ్చారు. నాలుగేళ్ల నుంచీ నీ నోట హెలికాప్టర్ కబుర్లు వింటున్నాను గాని, అది దేని మీద ఎగురుతుందో కౌన్సిల్లో కూర్చున్నాకే తెలిసింది.

హెలికాప్టర్ ఉచితమే, సైన్యం వాడి వదిలేసింది. ఏనుగును దానమిచ్చినట్టు, మేపడమే కష్టం. ఇన్ని గంటలు ఎగిరిందంటే బాగున్న విడిభాగాన్ని కూడా తీసి కొత్తది వెయ్యాలట. నా బండికి అలా చేస్తే నేను అడుక్కు తినాలి. షెడ్డు కౌంటీ సర్కారుది. చీకట్లో ఒంటి వేడిని పట్టే కెమెరా, మత్తుమందుల ముఠాల దగ్గర జప్తు చేసిన సొమ్ముతో కొన్నది. ఆ సొమ్ములోంచి జీతాలివ్వకూడదు. పైలట్ పక్కన కూర్చుని కెమెరా చూసే నీ జీతం కౌంటీ పోలీసు పెద్ద, షెరీఫ్ ఆఫీసుది. ఇక మిగిలినవి ఇంధనం, మెకానిక్, పైలట్. ఈ మూడూ ఆరు ఊళ్లు తలకింత అని వేసుకునే చందా మీదే నడుస్తాయి. ఒక ఊరు తప్పుకుంటే దాని బరువు మిగతా ఐదింటి మీద పడుతుంది. దాంతో ఇంకో ఊరు జారుకుంటుంది.

నిజానికి మీ హెలికాప్టర్ నా పొట్ట కొట్టింది. మీరు పైనుంచి కన్నేసి ఉంచితే పోలీసు కార్లు వెనక్కి తగ్గుతాయి. వెంట ఎవరూ లేరనుకుని పారిపోయేవాడూ వేగం తగ్గిస్తాడు. కార్లు గుద్దుకోకపోతే నేను లాగేదేముంది? అయినా ఆ నుజ్జయిన కార్లలోంచి ఎవరెవర్ని బయటికి తీశారో పక్కన నిలబడి చూసినవాణ్ణి. ఆ బేరం నాకక్కర్లేదు.

పోయిన మంగళవారం ఫైర్ స్టేషన్ హాల్లో కౌన్సిల్ కూర్చుంది. ఈ ఏడు చందా బాగా పెరిగింది. పెరిగిందెందుకో నీకు తెలుసు. ఒక్కడే పైలట్ అయితే అతను నిద్రపోయినంతసేపూ హెలికాప్టర్ కూడా షెడ్డులో నిద్రపోతుంది. అందుకే రెండో పైలట్ కావాలన్నారు, నిన్ను ఎంచి శిక్షణకి టెక్సాస్ పంపారు. మందుల షాపు ట్రూడీ కెస్లర్ లేచింది.

"మనం కట్టినా కట్టకపోయినా వాళ్లు వస్తారు. మన ఊరి మనిషి తప్పిపోతే చావనీ అంటాడా హాల్వర్సన్?"

"అనడు, వస్తాడు. పక్కింటి కుళాయికి మన గొట్టం తగిలించినా నీళ్లు వస్తాయి, ట్రూడీ" అన్నాను.

"నీ కూతురు నడపబోతోంది గనక నీకింత దాహం!"

హాలంతా నవ్వింది. నేను వేసిన జోకులకి కూడా ఎప్పుడూ అంత నవ్వలేదు.

అప్పుడు మేయర్ స్ట్రౌడ్ గొంతు సవరించుకుని, "ట్రూడీ మాటలో న్యాయముంది ఆర్లో. ఈ చందాలో మీ అమ్మాయి జీతం ఉంది. నువ్వు ఓటెయ్యకూడదు" అన్నాడు. ఏడుగురిలో నేను పోతే ఆరుగురు. ముగ్గురు ఇటు, ముగ్గురు అటు. సమానమైతే తీర్మానం పోయినట్టే. మనం లేచామంటే వెనకే లేవడానికి మరో రెండు ఊళ్లు టోపీలు పెట్టుకుని కూర్చున్నాయి. మిగిలిన మూడు ఊళ్లూ మోయలేవు. హెలికాప్టర్ పాత ఇనుముకి పోయేది.

వెనక బెంచీలో ఉన్న హాల్వర్సన్ నా వంక చూడలేదు, నేలవంక చూస్తున్నాడు.

ఇంతవరకూ చుట్టూ తిరిగాను, ఇక తిరగడానికి చోటు లేదు. నేను లేచి, "రెండో పైలట్ ఖర్చు కొట్టెయ్యండి. పాత చందాయే ఓటుకు పెట్టండి" అన్నాను. మేయర్ ఊరి లాయరు వైపు తిరిగాడు. లాయరన్నాడు కదా, "కూతురికి లాభం చెయ్యకూడదని చట్టంలో ఉంది గాని, నష్టం చెయ్యకూడదని లేదు." ఈసారి ఎవరూ నవ్వలేదు.

నలుగురు అవునన్నాం, ముగ్గురు కాదన్నారు. మిగతా ఊళ్లు కూడా మన వెనకే కట్టాయి. హెలికాప్టర్ ఎగురుతుంది, ఒక్క పైలట్‌తో, సగం రోజు. మిగతా సగంలో ఎవరైనా తప్పిపోతే వాళ్ల అదృష్టం. అది కూడా నా లెక్కలోనే వేసుకుంటాను.

ఇంటికొచ్చి చెబితే మీ అమ్మ, "కూతురి కాళ్లు తీసి ఊరికి చేతికర్ర చేసిచ్చావు" అంది. ఆ రోజు నుంచి నాతో అవసరానికే మాట్లాడుతోంది.

నీ శిక్షణ ఫీజు ముందే కట్టేశారు, అది వెనక్కి పోదు. మధ్యలో వదిలేసి రాకు, లైసెన్సు తెచ్చుకో. ఆ కాగితం చూసి వేరే యూనిట్లు పిలిస్తే, వెళ్లాలనుంటే వెళ్లు. ఇక్కడికే వస్తే నీ పాత సీటు ఉంది, కెమెరా ఉంది. నడిపేది మాత్రం ఇంకొకడు. నీకది ఎలా ఉంటుందో నాకు తెలుసనను, తెలియదు.

వచ్చే శుక్రవారం హాల్వర్సన్ నీకు ఫోన్ చేస్తాడు. "లెక్కలు కుదరలేదమ్మా, ఆరూళ్ల బోర్డు నిర్ణయం" అంటాడు. మంచివాడు, నేనడక్కుండానే నా పేరెత్తనని మాటిచ్చాడు. ఈ ఉత్తరం అంతకు ముందే అందాలని ఈ పూటే పోస్టులో వేస్తున్నాను. లెక్కలూ కాదు, బోర్డూ కాదు తల్లీ. లేచి అడిగింది నేను. చెయ్యెత్తింది నేను.

ఇట్లు,
మీ నాన్న,
ఆర్లో