ఉగాది తర్వాత గీసిన మచ్చలు

గార్లదిన్నె దగ్గర, గుట్ట కింది క్వార్టరు
ఆదివారం

అక్కయ్యకు,

నీ తమ్ముడు శేషు నమస్కారాలు. నీ మోకాలు ఎలా ఉంది? బావగారు ఉదయం నడక మానలేదు కదా. నేను బాగానే ఉన్నాను. వేళకు తింటున్నాను, ఆ దిగులు పెట్టుకోకు. నీ మరదలు నాగవేణి పోయిన రోజు ఏం జరిగిందని పదకొండో రోజున నువ్వు అడిగావు. చెప్పలేకపోయాను. తర్వాత ఫోనులో రెండుసార్లు మొదలుపెట్టి, వానల గురించి మాట్లాడి పెట్టేశాను. అందుకే రాస్తున్నాను.

ఆ రోజు శుక్రవారం. ఏడింటికి ఇద్దరం గుట్ట ఎక్కి టెలిస్కోపు గది తెరిచాం. మబ్బు లేదు. నేను టెలిస్కోపును సూర్యుడి వైపు తిప్పాను. పలక మీద బిగించిన తెల్లకాగితం మీద జానెడు వెడల్పున సూర్యబింబం పడింది. నాగవేణి పెన్సిలుతో మూడు మచ్చలు గీసింది. అడుగున తేదీ, టైము, తన పేరు రాసింది. గుట్ట దిగేటప్పుడు తలపోటుగా ఉందంది. ఇంటికొచ్చి ఉప్మా చేసింది, తను తినలేదు. పదకొండు గంటలకు వంటింట్లో గిన్నె పడిన చప్పుడైంది. నేను వెళ్ళేసరికి నేల మీద ఉంది. కళ్ళు తెరిచే ఉన్నాయి, మాట లేదు. అంబులెన్సు త్వరగానే వచ్చింది. అనంతపురం ఆసుపత్రిలో, తలలో రక్తనాళం చిట్లిందన్నారు. సాయంత్రం నాలుగు దాటాక పోయింది. చెయ్యి పట్టుకునే ఉన్నాను. తనకు తెలిసిందో లేదో తెలియదు.

నేను నీకు చెప్పనిది ఒకటుంది. మధ్యాహ్నం డాక్టరమ్మ చిన్న లైటుతో ఆమె కళ్ళలోకి చూసి నన్ను పక్కకు పిలిచింది. బీపీ చాలా కాలంగా ఎక్కువగా ఉండి ఉంటుందని, కంటి వెనక రక్తనాళాలు దెబ్బతిన్నాయని చెప్పింది. కొన్ని నెలలుగా చూపు మసకగా ఉందని ఆమె అనలేదా అని అడిగింది. లేదన్నాను.

నాగవేణి అంది. నేనే వినిపించుకోలేదు. అది అర్థం కావాలంటే మా పని గురించి కొంచెం చెప్పాలి. ఇక్కడ పనిలో చేరిన ఇరవై రెండేళ్ళలో నీకు ఎప్పుడూ సరిగ్గా చెప్పలేదు.

సూర్యుడి లోపలంతా మరుగుతూ ఉంటుంది. ఆ మరుగుడు అక్కడి అయస్కాంత బలాన్ని పక్కలకు నెట్టి నెట్టి సన్నని గొట్టాల్లా చేస్తుంది. ఫ్లక్స్ ట్యూబులంటాం. గొట్టంలో ఒత్తిడిని కొంత అయస్కాంత బలమే మోస్తుంది కాబట్టి లోపలి వాయువు పలచగా ఉంటుంది. పలచనిది పైకి తేలుతుంది. ఇది చెప్పిన రోజు నాగవేణి నవ్వి, తన తమ్ముడు ఓబులేసు చీనీ (బత్తాయి) తోటలోని నీటిగుంటను గుర్తుచేసింది. గుంటలో పడిన ఖాళీ డ్రిప్పు పైపు, రెండు కొనలూ బురదలో ఉండి నడుమ మాత్రం పైకి లేస్తుందే, అట్లనా అంది. అట్లనే. అంత బాగా నాకు కాలేజీలో ఎవరూ చెప్పలేదు. అలా లేచిన గొట్టం సూర్యుడి పైపొరను చీల్చుకుని బయటకొచ్చే చోట ఒకటి, తిరిగి లోపలికి దిగే చోట ఒకటి, రెండు పాదాలు కనిపిస్తాయి. గొట్టం లావుదైతే కింది వేడిని పైకి రానివ్వదు. అక్కడ నల్లమచ్చ పడుతుంది. మరీ సన్నదైతే చుట్టూ ఉన్న గోడల వెలుగు లోపలికి చేరి, మచ్చకు బదులు మెరుపు కనిపిస్తుంది. ఈ రెండింటికీ మధ్యరకం గొట్టాలు కాగితం మీద ఆవగింజలో సగమంత చుక్కలుగా పడతాయి.

పట్టుకోవడం కష్టం ఆ చుక్కల్నే. కాగితాన్ని కొద్దిగా జరిపి చూడాలి. కాగితంతో పాటు జరిగితే అది కాగితం మీది నలుసు. జరగకపోతే సూర్యుడిది. నాగవేణి ఒక్క ఉదయంలో అలాంటివి పాతిక పట్టేది. నేను పన్నెండు దాటేవాణ్ణి కాదు. అందుకే పదకొండేళ్ళ కిందట పెన్సిలు తన చేతికిచ్చాను. మా పై అధికారులూ ఒప్పుకున్నారు. అప్పటినుంచి ప్రతి కాగితం అడుగున ఆమె పేరే.

కాలవగట్టున పెరిగిన నన్ను ఇక్కడికి తెచ్చింది ఈ మబ్బులేని ఆకాశమే. దాని మీద ఓబులేసు నన్ను ఎన్నిసార్లు ఎత్తిపొడిచాడో. "మేము మబ్బు కోసం మొగం పైకెత్తుకోని చూస్తాండాము. నువ్వేమో మబ్బు రాకూడదని చూస్తాండావు. దేవుడు నీ మాటే ఇంటాండాడు బావా" అనేవాడు. నాగవేణి వాడికి మజ్జిగ ఇచ్చి, మా ఆయనకు ఓటేసే దేవుడు ఒక్కడన్నా ఉండాడు పోనీలే అనేది. ఈ ఏడాదీ వాడి చెనిక్కాయ పైరు ఎండిపోయింది. ఇప్పుడు ఆ మాట అనడం లేదు.

ఉగాది తర్వాత ఆమె కాగితాల్లో చిన్న చుక్కలు తగ్గడం మొదలైంది. పెద్ద మచ్చలు ఎప్పటిలాగే ఉన్నాయి. ఒకరోజు పలక మీద వంగి, కాగితాన్ని అటూ ఇటూ జరిపి జరిపి, నన్ను అడిగింది. "చిన్నయి ఒగటీ కనపళ్ళే. ఆడ ల్యాకనా, నాకు కనపడకనా?"

నేను లేచి వెళ్ళి చూడలేదు. కుర్చీలోంచే చెప్పాను. సూర్యుడి మచ్చలు కొన్నేళ్ళు పెరిగి కొన్నేళ్ళు తగ్గుతాయని, ఇది తగ్గే కాలమని, లేవు కాబట్టే కనిపించడం లేదని.

"ఐతే సరే. నా కండ్లేమోననుకుంటి" అంది.

నేను చెప్పానని నమ్మింది. ఆ తర్వాత మళ్ళీ అడగలేదు. ఉగాది నుంచి ఏడు నెలల కాగితాల మీద నేను ఒక నివేదిక రాశాను. లావు గొట్టాలకన్నా ముందే మధ్యరకం గొట్టాలు పైకి రావడం తగ్గిందని. మా పై అధికారికి నచ్చింది. అచ్చు వేస్తామన్నాడు. పైన రెండు పేర్లు, ఆమెది ముందు. ఆ సంగతి విన్న రోజు నాగవేణి తమ్ముడికి ఫోన్ చేసి, వాళ్ళ ఊళ్ళో ఎవరెవరికి చెప్పాలో కూడా చెప్పింది. ఆ తర్వాత పదిహేను రోజులే ఉంది.

కర్మ అయ్యాక, నువ్వు రేపల్లె బస్సెక్కిన మర్నాడు, నేను మళ్ళీ గుట్టెక్కాను. నేను గీసిన మొదటి కాగితంలోనే తొమ్మిది చిన్న చుక్కలు వచ్చాయి. నా కళ్ళకు తొమ్మిది. సూర్యుడు మళ్ళీ మారాడేమో అనుకున్నాను, చూడు. మూడో రోజుకు గాని నాకు అనుమానం రాలేదు. కంప్యూటరులో వేరే చోట్ల తీసిన ఫోటోలు తెరిచి, ఆమె కాగితాలతో ఒక్కో తేదీ పోల్చాను. పెద్దవన్నీ సరిపోయాయి. చిన్నవి ప్రతిరోజూ ఉన్నాయి. ఏడు నెలలూ ఉన్నాయి. నెల నెలా ఆమెకు కనిపించేవే తగ్గుతూ వచ్చాయి. ఆమె చూపు ఎట్లా తగ్గిందో తారీకులతో సహా నా బల్ల మీదే ఉంది. దాన్ని నేను సూర్యుడికి అంటగట్టాను.

గురువారం ఓబులేసు సంగటి, ఊరిబిండి పచ్చడి తెచ్చాడు. వాళ్ళావిడ ఒక్కపూట కూడా మానకుండా పంపుతోంది. కాగితాలు నేలంతా పరిచి ఉన్నాయి. ఏమిటని అడిగితే చెప్పాను. నివేదిక వెనక్కి తీసుకోవాలని, కాగితాల మీద సంగతి రాయాలని.

"అంటే మా అక్క తప్పు గీసిందని నీ చేత్తోనే రాస్తావా?"

"తను తప్పు గీయలేదు. కనిపించింది గీసింది. నేను చదవడం తప్పు."

"పేరు?"

"అచ్చులో రాదు."

వాడు ఒక కాగితం అందుకుని అడుగునున్న పేరు చూశాడు. "నువ్వు రాయకపోతే సూర్యునికేమన్నా తెలుస్తాదా బావా" అన్నాడు. తలుపు దాకా పోయి ఆగాడు. "దినామూ పక్కనే ఉంటివి గదా. నీకు తెలీలేదా?" గట్టిగా అనలేదు. గట్టిగా అని ఉంటే బాగుండేది. మర్నాడు సంగటి వచ్చింది, వాడు రాలేదు.

మూడు రోజులు ఆలోచించాను అక్కయ్యా. నా పై అధికారికి ఏమీ తెలియదు. పాతవి అట్లాగే ఉంచి నీ చేత్తో కొత్తగా మొదలుపెట్టు అన్నాడు, దయగానే. ఊరుకుంటే ఆమె పేరు అచ్చులో ఉంటుంది. ఓబులేసు దాన్ని అద్దం కట్టించుకుంటాడు. కానీ ఈ కాగితాలు మా తర్వాత కూడా ఉంటాయి. ముప్పై ఏళ్ళకు ఎవరో తీసి చూసి, ఆ ఏడాది చిన్న చుక్కలు తగ్గాయని నమ్ముతారు. నేను చెప్పానని నాగవేణి నమ్మినట్టే. మళ్ళీ ఇంకొకరిని నమ్మించలేను.

రేపల్లె వచ్చెయ్యి, గది ఖాళీగానే ఉంది అన్నావు. ఇప్పుడే కాదు. ఇక్కడ చలిగాలి మొదలైంది, నువ్వు ఇచ్చిన శాలువా వాడుతున్నాను. గోంగూర పచ్చడి పంపకు, సీసాలో ఇంకా ఉంది. ఒక్కటే కోరిక. నువ్వూ బావగారూ ఈ వారంలోనే బీపీ, కళ్ళు చూపించుకోండి. బాగానే కనిపిస్తోందని ఇంట్లో ఎవరైనా అంటే ఆ మాట మీద ఆగకండి. నేను అన్నా సరే.

బావగారికి నమస్కారాలు. పిన్నికి నా దండాలు చెప్పు, నన్ను దీవించమను. నువ్వూ దీవించు.

అధికారికి ఉత్తరం ఈ మధ్యాహ్నం రాసి కవరులో పెట్టాను. రేపు ఉదయం ఏడింటికి గుట్టెక్కి రేపటి బొమ్మ గీస్తాను. తర్వాత ఆ ఏడు నెలల నూట నలభై ఏడు కాగితాలూ తీసి, ముందువైపు ముట్టుకోకుండా, ఒక్కొక్కదాని వెనక ఒకే వాక్యం రాస్తాను: గీసినవారికి చూపు తగ్గుతూ వచ్చింది, పక్కనున్నవారు గమనించలేదు. ప్రతి వాక్యం కిందా నా పేరు పెడతాను.

నీ తమ్ముడు
శేషు