కొండ పులిసే వేగం

1వ తేదీ, సోమవారం. ఉదయం 5.30

ఈ రోజు నుంచి నేను మారిన మనిషిని!

సంగతి ఇది. మా వీధి చివర కొండ. కొండలో మూతపడిన గని. గనిలోంచి కారే సన్నటి కాలువ మా బావి పక్కనుంచే పోతుంది, ఆ నీరు బావిలోకి ఇంకుతుంది. కొండ నిండా పసిడిలా మెరిసే గంధకపు రాయి. గాలీ నీరూ తగిలితే అది ఆమ్లాన్ని కారుస్తుంది. అందుకే కంపెనీ ఇన్నేళ్ళూ కాలువలో సున్నం కలుపుతూ వచ్చింది. ఈ నెల "ప్రయోగంగా" ఆపింది. బావి నీళ్ళు మారకపోతే 30న జరిగే విచారణలో శాశ్వతంగా ఆపడానికి అనుమతి అడుగుతుంది.

కంపెనీ సోమవారాలు మాత్రమే నీళ్ళు కొలుస్తుందట. మిగతా ఆరు రోజులూ ప్రకృతి సెలవులో ఉంటుంది కాబోలు!

"శాస్త్రం ప్రజల చేతుల్లోకి" అన్న పదహారు పేజీల కరపత్రం నాలుగోసారి చదివాను. రక్తం మరిగింది. తీర్మానాలు:

ఒకటి. ముప్పై రోజులు, రోజూ 5.30కి బావి నీళ్ళు కొలవాలి. ఒక్కరోజు తప్పినా నేను నేను కాను.
రెండు. కొండలో రాయి ఎంత వేగంగా కరుగుతుందో లెక్కకట్టే మోడల్ కంప్యూటర్లో తయారుచేయాలి.
మూడు. ఎవరి మీదా కోపం తెచ్చుకోకూడదు.

మీటర్ మా కెమిస్ట్రీ మాస్టారు అరువిచ్చారు. ఏడు అంటే మంచినీళ్ళు. తగ్గేకొద్దీ పులుపు. రెండంటే నిమ్మరసం. నేటి అంకె 7.1.

మేనత్తకు చెప్పాను. ఆవిడ లాండ్రీ ఆ బావి మీదే బతుకుతోంది. ఆసుపత్రి దుప్పట్లన్నీ ఆవిడే ఉతుకుతుంది.

"ముప్పై రోజులు పొద్దున్నే లేస్తావా? నువ్వు?"

"లేస్తాను అత్తా. నీ బావి కోసమే."

"సరే నాయనా. ముందు రేపు లే."

కోపం రాలేదు. దాదాపుగా.

2వ తేదీ. 5.30

లేచాను! 7.1. అత్త బావి దగ్గరే ఉంది. ఏమీ అనలేదు. అదే పెద్ద పొగడ్త.

3వ తేదీ. 5.34

7.1. మోడల్ మొదలుపెట్టాను, అక్క ల్యాప్‌టాప్ మీద.

"సైంటిస్టు గారూ, నా ఫోటోలు గానీ చెరిగాయో, కొండ కంటే ముందు నువ్వు కరుగుతావు" అంది అక్క.

చరిత్రలో ప్రతి మేధావికీ ఒక అక్క ఉండే ఉంటుంది.

5వ తేదీ. 5.31

7.1. కానీ మోడల్! మోడల్ ఏం చెప్పిందంటే, కొండలోని గంధకపు రాయి మొత్తం పదకొండు రోజుల్లో కరిగిపోతుంది! 16వ తేదీకి బావి నిండా నిమ్మరసమే! రాయి కరిగే వేగం ఒక పరిశోధన పట్టికలోంచి తీసుకున్నాను, కాబట్టి సందేహానికి తావే లేదు. ఎర్ర సిరాతో "మేలుకోండి! పదకొండే రోజులు!" అని రాసి వీధిలో ఏడు చోట్ల అంటించాను.

6వ తేదీ. సాయంత్రం 4.00

మాస్టారు ఒక కాగితం పీక్కుని వచ్చారు.

"ఏమోయ్, ఈ వేగం ఎక్కడిది?"

"పట్టికలోది, మాస్టారూ."

"అది రాయిని పిండిలా దంచి, శుభ్రంగా కడిగి, గాజుకుప్పెలో గిలకొట్టి కొలిచిన వేగం. మరి కొండని ఎవరు దంచారు? నువ్వా?"

కొండలో రాయి గడ్డలుగా ఉంటుందట, పైన తుప్పు పొర కప్పుకుంటుందట, నీళ్ళు పగుళ్ళలోంచి మాత్రమే పారతాయట. వేగం వెయ్యి రెట్లు తక్కువైనా ఆశ్చర్యం లేదట.

"లెక్క మంచిదే. కానీ కొలవకుండా కొండ మనసు తెలీదోయ్" అని వెళ్ళిపోయారు.

ఐదు కాగితాలు పీకాను, మాస్టారు పీకినదానితో ఆరు. ఏడోది దొరకలేదు. ఎవరో ఇంటికి పట్టుకెళ్ళారు, పదిమందీ కూర్చుని నవ్వుకోడానికి.

8వ తేదీ. 5.45

7.1. మోడల్‌ని వెయ్యి రెట్లు నెమ్మది చేశాను. పదకొండు రోజులు కాస్తా ముప్పై ఏళ్ళయ్యాయి. ముప్పై ఏళ్ళలో ఒక్క నెల ఏ మూలకి? మోడల్ ప్రకారం ఈ నెలంతా 7.1 దాటదు, తగ్గదు.

విప్లవం ఇంత నెమ్మదిగా ఉంటుందని కరపత్రంలో రాయలేదు.

9వ తేదీ. 5.58

7.1. ఆవులింతలు లెక్కపెట్టాను. పధ్నాలుగు.

10వ తేదీ. 8.40

లేవలేదు. మెడ పట్టేసింది. (ఎడమ వైపు. కాదు, కుడి వైపు.) నిన్న 7.1, మొన్న 7.1, మోడల్ కూడా 7.1 అంటోంది. మరి నేను వెళ్ళి చూస్తేనే నీళ్ళకు గౌరవమా? 7.1 అని రాశాను. ఇది అబద్ధం కాదు. ముందస్తు నిజం.

12వ తేదీ. 9.05

కొలవడం గుమాస్తా పని. ఆలోచించడం శాస్త్రవేత్త పని. ఇది ఏ కరపత్రంలోనూ లేదు. నేనే రాయాలి.

సమయం ఆదా చేయడానికి పట్టిక 20వ తేదీ దాకా ముందే నింపేశాను. మధ్యలో ఒకచోట 7.0 వేశాను, సహజంగా ఉండాలని.

15వ తేదీ. మధ్యాహ్నం 12.00

మోడల్‌ని కొలతలతో పోల్చాను. నూటికి తొంభైతొమ్మిది పాళ్ళు సరిపోయింది!! పెద్ద పెద్ద పరిశోధనశాలల్లో కూడా ఇంతలా కుదరదు! కళ్ళు చెమర్చాయి.

"నువ్వే రాసి, నువ్వే దిద్దుకుని, నువ్వే మార్కులేసుకున్నావా?" అంది అక్క.

చెప్పేవాడికి వినేవాడు లోకువంటారు. మా ఇంట్లో అదీ తిరగబడింది.

18వ తేదీ, గురువారం. 9.15

ఆరు వారాల తర్వాత తెల్లవారుజామున వాన! దుప్పటి ముసుగులోంచి విన్నాను. ఎంత హాయి!

11.00

అత్త వచ్చింది. చేతిలో తడి దుప్పటి. తెల్లటి దుప్పటి నిండా తుప్పురంగు మరకలు.

"నలభై దుప్పట్లురా. అన్నీ ఇలాగే అయ్యాయి. చేతులు మండిపోతున్నాయి. ఒక్కసారి వచ్చి నీళ్ళు చూడు."

పట్టిక తీశాను. 18వ తేదీ ఎదురుగా గుండ్రటి అంకెల్లో 7.1.

"నీళ్ళు బాగానే ఉన్నాయి అత్తా. సబ్బు మార్చావా?"

"ఇరవై రెండేళ్ళుగా అదే సబ్బు."

"అయితే ఎక్కువేసి ఉంటావు. ఇదిగో, లెక్క ఉంది."

"లెక్క చూపిస్తావేంట్రా, నా చేతులు చూడు!"

చూడలేదు. అరిచాను. "చదువుకోని వాళ్ళతో ఇదే తంటా!" అన్నాను.

అత్త దుప్పటి మడతపెట్టుకుని వెళ్ళిపోయింది. గుమ్మం దాకా నీటి చుక్కలు.

మూడో తీర్మానం కూడా పోయింది. మొదటిది పోయి వారం దాటింది కాబట్టి దానికి తోడు దొరికింది.

22వ తేదీ, సోమవారం

కంపెనీ కొలత: 6.9. చూశారా! నేను చెప్పలేదూ! (ఆగు. నేను కంపెనీ తరఫున సంబరపడుతున్నానా?)

అక్క చెప్పింది, ఆసుపత్రివాళ్ళు దుప్పట్లు వేరే లాండ్రీకి పంపుతున్నారట. అత్త రెండు రోజులుగా ఎవరితోనూ మాట్లాడలేదట.

వెళ్ళి కలవాలి. రేపు.

25వ తేదీ

కలవలేదు. 29 దాకా నింపేసిన పట్టిక విచారణ కార్యాలయంలో ఇచ్చాను. గుమాస్తా తేదీలు చూడకుండానే మెచ్చుకున్నాడు, "ఎంత నీటుగా ఉందండీ, ఒక్క కొట్టివేత లేదు!" అని.

27వ తేదీ. ఉదయం 10.00

మాస్టారు దారిలో ఆపారు.

"వాన పడిన రోజు ఎంతొచ్చిందోయ్?"

"7.1."

"అదెలా?" ఆయన నిజంగానే తెల్లబోయారు. "పొడి రోజుల్లో పగుళ్ళలో ఆమ్లపు ఉప్పు పేరుకుంటుంది. మొదటి వాన దాన్నంతా ఒక్క పూటలో కడిగి కిందికి పంపుతుంది. నాలుగు రోజుల్లో మళ్ళీ మామూలే. ఆ పూట మాత్రం ఐదు కిందికి దిగాలే! నీళ్ళలో ఇనుము కూడా వస్తుంది, సబ్బు తగిలితే తుప్పై గుడ్డకి పట్టేస్తుంది. నీ మోడల్లో వాన ఉందా అసలు?"

లేదు. కొండ ఉంది, రాయి ఉంది, గాలి ఉంది, ముప్పై ఏళ్ళున్నాయి. వాన లేదు.

"మీటర్ పాడైందేమో" అన్నాను.

బావి దగ్గరికి పరిగెత్తాను. 6.9. మామూలు నీళ్ళు. గురువారం పూటని ఏ చేదతో తోడను?

30వ తేదీ, మంగళవారం. విచారణ

విచారణాధికారి పిలవగానే కంపెనీ ఇంజినీరు లేచాడు. ఇస్త్రీ చొక్కా, తీయటి గొంతు.

"మా కొలతలు ఎవరూ నమ్మరని మాకు తెలుసు మేడమ్. అందుకే వాటి జోలికి పోను. మా మీద ఎర్ర సిరాతో కాగితాలు అంటించిన ఈ తమ్ముడి కొలతలే చదువుతాను." చదివాడు. రాగం తీస్తూ మరీ చదివాడు. "పద్దెనిమిది, వాన పడిన రోజు: ఏడు పాయింట్ ఒకటి. తమ్ముడికి మా ధన్యవాదాలు."

చప్పట్లు. నా జీవితంలో మొదటి చప్పట్లు.

మూడో వరసలోంచి అత్త లేచింది. "మేడమ్, ఆ రోజు ఉతికిన దుప్పటి ఇది. ఒక్కసారి చూడండి."

"అమ్మా, మీ ఇంటి కుర్రాడే రాశాడు కదా. కుర్రాడు అబద్ధం రాస్తాడంటారా?" అన్నాడు ఇంజినీరు.

అత్త నా వైపు చూసింది. "అవును" అని ఒక్క మాట అంటే సరిపోయేది. అనలేదు. దుప్పటి పట్టుకుని అలాగే నిలబడింది.

లేచాను.

"ఆ అంకె అబద్ధం మేడమ్. ఆ రోజు నేను నిద్రపోతున్నాను."

విచారణాధికారి కళ్ళజోడు తీసింది. "ఇలాంటివి ఎన్ని?"

"ఇరవై. నిజంగా కొలిచినవి తొమ్మిది."

హాలంతా నవ్వు. "మా మీద నిందలు కూడా ముందే నింపి పెట్టుకున్నావా తమ్ముడూ?" అన్నాడు ఇంజినీరు. మళ్ళీ నవ్వు. మామూలుగా అయితే కుర్చీ విసిరేవాణ్ణి. కానీ అందులో తప్పేదీ కనిపించలేదు.

తీర్పు: నా పట్టిక చెల్లదు. వాన రోజు కొలత లేదు కాబట్టి కంపెనీదీ చాలదు. ప్రయోగం ఇంకో నెల, సున్నం లేకుండానే. రోజూ నేనే కొలవాలి, కానీ రెండు సంతకాలతో.

"ఇంకో నెలా? అప్పటికి నాకు లాండ్రీ మిగలాలి కదా మేడమ్?" అంది అత్త.

విచారణాధికారి ఫైలు మూసింది. దానికి జవాబు చెప్పవలసినవాణ్ణి నేనే.

1వ తేదీ, బుధవారం. ఉదయం 5.30

ఈ రోజు నుంచి నేను మా... సరే, అది తర్వాత.

5.20కే తలుపు దబదబా మోగింది. రెండో సంతకం అత్తదట. తనే కార్యాలయానికి వెళ్ళి పేరు రాయించుకుందట.

"లేస్తావా, నీళ్ళు పోయమంటావా?"

బావి దగ్గర మీటర్ బయటికి తీశాను. "ఆ రోజు అన్న మాట..." అని మొదలుపెట్టాను.

"ముందు అది నీళ్ళలో పెట్టు" అంది.

పెట్టాను. 6.8. రాశాను. ఆవిడ అంకె మీద వేలు పెట్టి, మీటర్‌నీ కాగితాన్నీ మార్చి మార్చి చూసి, సంతకం చేసింది. వేళ్ళ సందుల్లో చర్మం ఇంకా ఎర్రగా పగిలి ఉంది. ఈసారి చూశాను.

"ఈ కొండ మళ్ళీ పులుస్తుందంటావా?"

"పులుస్తుంది అత్తా."

"ఎప్పుడు?"

మోడల్ ఉంది, పట్టిక ఉంది, పదహారు పేజీల కరపత్రం ఉంది.

"తెలీదు" అన్నాను.

అత్త చేద బావిలోకి వదిలింది. "అయితే రేపు కూడా రావాలన్నమాట."